రిటైర్మెంట్ బెనిఫిట్స్ ఆపితే, కోస్తే ఏం చేయాలి: ఆఫీసు ఫైలు నుంచి హైకోర్టు ఆర్డర్ దాకా

తెలంగాణలో 2021 మార్చిలో రిటైర్మెంట్ వయసును 58 నుంచి 61కి పెంచారు. దాంతో మూడేళ్లపాటు రిటైర్మెంట్లు దాదాపు ఆగిపోయి, 2024 మార్చి నుంచి మళ్లీ మొదలయ్యాయి. అప్పటి నుంచి దిగిపోయినవాళ్లలో చాలామంది గ్రాట్యుటీ, కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగానికి బదులు ముందే ఒకేసారి తీసుకునే మొత్తం), లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ (వాడని సెలవులకు వచ్చే డబ్బు) కోసం నెలల తరబడి ఎదురుచూసి చివరికి హైకోర్టుకు వెళ్లారు. ఆంధ్రప్రదేశ్‌లో 2020లో కరోనా కారణం చూపి జీతాలు, పెన్షన్లలో కొంత భాగం వాయిదా వేస్తే, ఒక విశ్రాంత జిల్లా న్యాయమూర్తి వేసిన పిటిషన్ సుప్రీంకోర్టు దాకా పోయింది. రిటైరైన ఉద్యోగి కోర్టుకు వెళ్లడం ఇప్పుడు వింత విషయమేమీ కాదు.

వెళ్లినవాళ్లందరికీ ఒకే ఫలితం రావడం లేదు. ఒకే ఆఫీసు నుంచి, ఒకే నెలలో రిటైరైన ఇద్దరిలో ఒకరికి వడ్డీతో సహా డబ్బు వస్తుంది, ఇంకొకరికి ‘మీ అర్జీని పరిశీలించమని ఆదేశించాం’ అన్న రెండు పేజీల ఆర్డర్ వస్తుంది. తేడా చాలాసార్లు లాయర్ వాదనలో ఉండదు, పిటిషన్ వెనక జత చేసిన కాగితాల్లో ఉంటుంది. అందుకే ఈ మార్గదర్శిలో సగం భాగం కోర్టు మెట్లెక్కక ముందు చేయాల్సిన పనుల గురించే.

ఒక మాట ముందే అనుకుందాం. హైకోర్టు మీ పెన్షన్‌ను మొదటి నుంచీ లెక్కగట్టే ఆఫీసు కాదు. ఆఫీసు తీసుకున్న నిర్ణయానికి రూల్ ఉందా, ఆ అధికారికి ఆ అధికారం ఉందా, మీ మాట విన్నారా, మీలాంటి మిగతావాళ్లకు ఇచ్చి మీకు ఎగ్గొట్టారా అన్నవే చూస్తుంది. కాబట్టి కోర్టు ముందు పెట్టడానికి ఒక నిర్ణయం కావాలి. అది లేకపోతే కనీసం ‘అడిగినా నిర్ణయం తీసుకోలేదు’ అని చూపే రుజువు కావాలి.

మొదటి అడుగు: మీ గొడవ ఏ రకమో తేల్చుకోండి

‘నా బెనిఫిట్స్ రాలేదు’ అంటే సరిపోదు. ఏ డబ్బు, ఎందుకు రాలేదు అన్నది విడదీయాలి. గ్రాట్యుటీ, కమ్యుటేషన్, నెల పెన్షన్, లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్, జీపీఎఫ్ (భవిష్య నిధి), ప్రభుత్వ జీవిత బీమా, గ్రూప్ ఇన్సూరెన్స్, పీఆర్సీ (వేతన సవరణ) ఎరియర్లు, అంటే బకాయిలు... వీటిలో ఒక్కోదానికి ఒక్కో రూల్, ఒక్కో ఆఫీసు. ఒక కాగితం మీద వరసగా రాసుకుని పక్కన మంజూరు ఆర్డర్ వచ్చిందా, బిల్లు పెట్టారా, ట్రెజరీలో టోకెన్ పడిందా, డబ్బు పడిందా అని నింపండి. ఆ ఒక్క కాగితమే రేపు మీ లాయర్‌కు సగం పని తగ్గిస్తుంది.

అలా నింపాక మీ సమస్య ఈ రకాల్లో ఏదో ఒకటని తేలుతుంది. అన్నీ మంజూరై, నిధులు లేవని డబ్బు వేయకపోవడం ఒకటి. శాఖాపరమైన విచారణ, ఏసీబీ కేసు లేదా ఆడిట్ అభ్యంతరం చూపి ఆపడం ఇంకొకటి. ‘మీకు పదేళ్ల క్రితం ఫిక్సేషన్ (జీతం ఖరారు) తప్పు చేశాం’ అని గ్రాట్యుటీలోంచి కోసుకోవడం మూడోది. సర్వీసు లెక్కలోనో, ఇంక్రిమెంట్‌లోనో తేడా వల్ల పెన్షన్ తక్కువగా కట్టడం నాలుగోది. ఉద్యోగి పోయాక కుటుంబంలో ఎవరికి ఇవ్వాలన్న తగాదా చివరిది. అన్నింటికీ ఒకే మందు లేదు. మొదటి రకం కేసులో తీర్పులు పెద్దగా అక్కర్లేదు, తేదీలు చాలు. రెండు, మూడు రకాల్లో రూల్స్ మీదే యుద్ధం.

రెండో అడుగు: కారణాన్ని కాగితం మీదకు తెప్పించండి

‘సార్ సెలవులో ఉన్నారు’, ‘ఫైలు ఏజీ (అకౌంటెంట్ జనరల్) ఆఫీసుకు పోయింది’, ‘ఫైనాన్స్‌లో ఆగింది’ లాంటి నోటి మాటల్ని కోర్టు ముందు పెట్టలేం. డీడీఓకు (మీ ఆఫీసు బిల్లులు పెట్టే అధికారికి), శాఖాధిపతికి అర్జీ రాయండి. ఒకటిన్నర పేజీ దాటనివ్వొద్దు. రిటైరైన తేదీ, హోదా, రావాల్సిన ఒక్కో మొత్తం, మంజూరు ప్రొసీడింగ్స్ (ఉత్తర్వు) నంబరు, తేదీ, ఇవ్వకపోతే వడ్డీ కూడా అడుగుతున్నానన్న మాట ఉంటే చాలు. ముప్పై ఏళ్ల సేవ గురించి, గుండె ఆపరేషన్ గురించి రాయాలనిపిస్తుంది. ఆరోగ్యం సంగతి ఒక వాక్యంలో రాయండి, అది తర్వాత త్వరగా విచారణ కోరడానికి పనికొస్తుంది. మిగతాది వద్దు.

స్పీడ్ పోస్టులో పంపి రసీదు, అందినట్టు రుజువు దాచుకోండి. చేతికిస్తే ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకోండి.

వెంటనే సమాచార హక్కు చట్టం కింద ఒక దరఖాస్తు పెట్టండి. మన రాష్ట్రాల్లో జిల్లా స్థాయి, ఆ పై ఆఫీసుల్లో ఫీజు 10 రూపాయలు, మండల స్థాయిలో 5 రూపాయలు, గ్రామ స్థాయిలో అదీ లేదు. జవాబుకు గడువు 30 రోజులు. ‘నా పెన్షన్ ఎందుకు ఆగింది?’ అని ప్రశ్న వేయకండి, ‘ఇది సమాచారం కిందకు రాదు’ అని తిప్పి పంపుతారు. కాగితాలు అడగండి: సర్వీసు రిజిస్టర్ పూర్తి నకలు, పెన్షన్ ప్రతిపాదనలు పంపిన కవరింగ్ లెటర్, నా ఫైలులోని నోట్‌ఫైల్ (అధికారులు రాసిన నోట్లు), ఆడిట్ అభ్యంతరం కాపీ, నాపై పెండింగ్‌లో ఉన్న ఛార్జ్‌మెమో (ఆరోపణల పత్రం) ఉంటే దాని కాపీ, లేకపోతే లేదన్న ధ్రువీకరణ. ఆ చివరి వాక్యం బంగారం. ‘ఛార్జ్‌మెమో ఏదీ జారీ కాలేదు’ అని ఆఫీసే రాసిస్తే సగం కేసు అక్కడే గెలిచినట్టు. ఎందుకో ముందుముందు తెలుస్తుంది.

సర్వీసు రిజిస్టర్ నకలు రాగానే కూర్చుని ప్రతి పేజీ చదవండి. ఇంక్రిమెంట్ ఎంట్రీలు, సస్పెన్షన్ కాలాన్ని ఎలా పరిగణించారు, సర్వీసు వెరిఫికేషన్ సంతకాలు ఎక్కడ ఆగిపోయాయి అన్నవి చూడండి. పీఆర్సీ ఆప్షన్ ఫారాలు కూడా తీసి, ‘ఎక్కువ చెల్లిస్తే తిరిగి ఇస్తాను’ అన్న హామీ మీద మీ సంతకం ఉందో లేదో చూసుకోండి. చాలామందికి ఆ సంతకం పెట్టిన సంగతే గుర్తుండదు.

మూడో అడుగు: ఏ గడప ఎక్కాలి

రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులకు ఒకప్పుడు అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఉండేది. తెలంగాణకు సంబంధించి అది 2016లో రద్దయింది, తర్వాత ఆంధ్రప్రదేశ్ కూడా వదులుకుంది. ఇప్పుడు రెండు రాష్ట్రాల ఉద్యోగులూ రాజ్యాంగంలోని 226వ అధికరణ కింద నేరుగా హైకోర్టులో రిట్ (ప్రభుత్వ చర్యను ప్రశ్నించే పిటిషన్) వేయాలి. తెలంగాణవాళ్లు హైదరాబాద్‌లో, ఏపీవాళ్లు అమరావతిలో. జిల్లా పరిషత్, మున్సిపాలిటీ, యూనివర్సిటీ ఉద్యోగులకూ ఇదే దారి.

కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులు, అంటే రైల్వే, తపాలా, ఆదాయపు పన్ను లాంటి శాఖలవాళ్లు, ముందు కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు (క్యాట్) వెళ్లాలి. హైదరాబాద్ బెంచ్ రెండు రాష్ట్రాలకూ ఉంది. నేరుగా హైకోర్టుకు వెళ్తే వెనక్కి పంపుతారు. 1997లో ఎల్. చంద్రకుమార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పినట్టు, క్యాట్ తీర్పు నచ్చకపోతే అప్పుడు హైకోర్టు డివిజన్ బెంచ్ (ఇద్దరు జడ్జిల బెంచ్) ముందు రిట్ వేసుకోవచ్చు. క్యాట్‌కు ముందు శాఖకు అర్జీ పెట్టుకోవడం, కేంద్ర పెన్షనర్ల ఆన్‌లైన్ ఫిర్యాదు వ్యవస్థ సీపెన్‌గ్రామ్స్‌లో నమోదు చేయడం మంచిది. చిన్న లెక్క తప్పులు చాలావరకు అక్కడే సర్దుకుంటాయి.

సైనికులకు సాయుధ దళాల ట్రిబ్యునల్ వేరే ఉంది. పేమెంట్ ఆఫ్ గ్రాట్యుటీ చట్టం (2025 నవంబర్ నుంచి దాని స్థానంలో వచ్చిన సామాజిక భద్రతా కోడ్) వర్తించే కార్పొరేషన్ల ఉద్యోగులు గ్రాట్యుటీ వరకు కార్మిక శాఖలోని అధీకృత అధికారి దగ్గర దరఖాస్తు చేయాలి. అక్కడ 30 రోజుల్లో గ్రాట్యుటీ చెల్లించాలని, ఆలస్యమైతే వడ్డీ ఇవ్వాలని చట్టంలోనే ఉంది. ఏపీఎస్‌ఆర్టీసీ సిబ్బంది 2020 జనవరి 1 నుంచి ప్రభుత్వ ఉద్యోగులయ్యారు కాబట్టి రిటైరైన తేదీని బట్టి దారి మారవచ్చు.

సివిల్ కోర్టులో దావా వేయొచ్చు కదా అని అడిగేవాళ్లుంటారు. 1871 నాటి పెన్షన్ల చట్టం సివిల్ కోర్టులను ఈ విషయంలో చాలావరకు దూరంగా పెట్టింది. డబ్బు ఇప్పించమని అటు పోవద్దు.

నాలుగో అడుగు: కాలం లెక్క

క్యాట్‌లో గడువు కచ్చితంగా ఉంటుంది. తుది ఆర్డర్ వచ్చిన నాటి నుంచి ఏడాది. అర్జీ పెట్టి ఆరు నెలలైనా జవాబు రాకపోతే, ఆ ఆరు నెలలు ముగిశాక ఏడాది. దాటితే ఆలస్యానికి కారణం చెబుతూ వేరే దరఖాస్తు పెట్టాలి.

హైకోర్టు రిట్‌కు రాసిపెట్టిన గడువు లేదు గానీ, ఆలస్యానికి సంజాయిషీ అడుగుతారు. పెన్షన్ తక్కువగా కట్టడం నెలనెలా జరిగే అన్యాయం కాబట్టి ఎప్పుడైనా ప్రశ్నించవచ్చు. అయితే ఎరియర్లు మాత్రం పిటిషన్ వేసిన తేదీకి ముందు మూడేళ్లకే దక్కుతాయని 2008లో తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ‘ఆఫీసు చుట్టూ తిరుగుతున్నాం, చూద్దాం’ అనుకుంటూ గడిపే ప్రతి నెలా ఆ మూడేళ్ల కిటికీలోంచి ఒక నెల జారిపోతుంది.

ఇంకో ఉచ్చు ఉంది. పదేళ్లు ఊరుకుని, ఇప్పుడు అర్జీ పెట్టి, దానికి తిరస్కరణ రాగానే ‘నాకు నిన్ననే కారణం పుట్టింది’ అనడం కుదరదు. పాత గొడవకు కొత్త జవాబు వచ్చినంత మాత్రాన అది కొత్త గొడవ అయిపోదని సి. జాకబ్ కేసులో, అదీ 2008లోనే, సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది.

ఐదో అడుగు: పిటిషన్‌లో ఏముండాలి

అఫిడవిట్ మీ పేరు మీద ఉంటుంది, కాబట్టి సంతకం పెట్టే ముందు ప్రతి తేదీ మీరే సరిచూసుకోండి. లాయర్ ఆఫీసులో పాత కేసు మీద కొత్త కేసు టైప్ చేయడం మామూలే. ఇంకొకరి హోదా మీ అఫిడవిట్‌లోకి వచ్చిందంటే ప్రభుత్వ న్యాయవాది దాన్నే పట్టుకుంటాడు.

ప్రతివాదులు ఎవరన్నది చిన్న విషయంగా కనిపిస్తుంది గానీ, నిధులు లేక ఆగిన కేసుల్లో ఇదే కీలకం. శాఖ ముఖ్య కార్యదర్శి, శాఖాధిపతి, డీడీఓతో పాటు ఆర్థిక శాఖ ముఖ్య కార్యదర్శిని, ట్రెజరీ అధికారిని తప్పకుండా చేర్చండి. పెన్షన్ ఆథరైజేషన్ దగ్గర ఆగితే అకౌంటెంట్ జనరల్‌ను కూడా చేర్చాలి. ఆర్థిక శాఖను వదిలేస్తే రేపు ఆర్డర్ వచ్చాక మీ శాఖ ‘మేం బిల్లు పంపేశాం, విడుదల మా చేతుల్లో లేదు’ అని చేతులు దులుపుకుంటుంది. ఆర్థిక శాఖ ‘మాకు ఆదేశమే లేదు’ అంటుంది.

అన్నింటికంటే ముఖ్యమైనది ప్రార్థన, అంటే మీరు ఏం కోరుతున్నారన్న పేరా. ‘నా అర్జీని పరిష్కరించమని ఆదేశించండి’ అని అడిగితే కోర్టు మొదటి రోజే ఆ ఆర్డర్ ఇచ్చి ముగించేస్తుంది. కేసు త్వరగా తేలిందని సంతోషించేలోపు, నాలుగు వారాలకు ఆఫీసు నుంచి ‘మీ అర్జీ పరిశీలించి తిరస్కరించాం’ అని ఉత్తరం వస్తుంది. మళ్లీ ఇంకో రిట్. నా అభిప్రాయంలో, ఆఫీసు అసలు జవాబే ఇవ్వని, లెక్క కూడా తేలని కేసుల్లో తప్ప ఆ ప్రార్థన అడగకూడదు. మంజూరు ఆర్డర్ చేతిలో ఉంటే నేరుగా అడగండి: ఫలానా ప్రొసీడింగ్స్ ప్రకారం ఇంత గ్రాట్యుటీ, ఇంత కమ్యుటేషన్, ఇంత లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ చెల్లించకపోవడం చట్టవిరుద్ధమని ప్రకటించి, ఇంత వడ్డీతో, ఇన్ని వారాల్లో చెల్లించమని ఆదేశించాలి. రికవరీ కేసైతే ఆ రికవరీ ఆర్డర్‌ను కొట్టేయమని నంబరు, తేదీతో సహా అడగాలి. కొట్టేయమని అడగకుండా డబ్బు ఒక్కటే అడిగితే, ఆర్డర్ బతికే ఉందిగా అన్న ప్రశ్న వస్తుంది.

వడ్డీని ప్రార్థనలోనే రాయండి. తర్వాత వేరే కేసుగా అడగొచ్చులే అనుకుంటే పేచీ మిగులుతుంది.

ఫీజు కట్టలేని పరిస్థితి ఉంటే హైకోర్టు న్యాయ సేవల కమిటీని అడగండి. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. భర్త పోయి కుటుంబ పెన్షన్ కోసం తిరిగే ఆడవాళ్లలో చాలామందికి ఈ సంగతి తెలియదు. హెల్ప్‌లైన్ నంబర్ 15100.

ఆరో అడుగు: ఏ గొడవకు కోర్టు ఏం చూస్తుంది

కేసు నిలబడేదీ పడిపోయేదీ ఇక్కడే. ఒక్కోటి చూద్దాం.

*నిధులు లేవన్న జవాబు.* పెన్షన్ ప్రభుత్వం దయతలచి ఇచ్చేది కాదని 1971లో దేవకీనందన్ ప్రసాద్ కేసులో, మళ్లీ 1982 డిసెంబర్ 17న డి.ఎస్. నకారా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మన పెన్షనర్లు ఏటా డిసెంబర్ 17న పెన్షనర్ల దినం జరుపుకొనేది ఆ తీర్పు గుర్తుగానే. ఆలస్యం విషయంలో ఎక్కువగా అక్కరకొచ్చేది 1984 నాటి పద్మనాభన్ నాయర్ తీర్పు: పెన్షన్, గ్రాట్యుటీ ఆలస్యమైతే రిటైరైన రెండు నెలలు దాటిన నాటి నుంచి వడ్డీ ఇవ్వాలి. వడ్డీకి ప్రత్యేకంగా రూల్ లేకపోయినా రాజ్యాంగ హక్కుల ఆధారంగా అడగొచ్చని 2008లో ఎస్.కె. దువా కేసు చెప్పింది. ఎంత శాతం అన్నది కోర్టు విచక్షణ. 2020 నాటి ఏపీ వాయిదా కేసులో హైకోర్టు 12 శాతం వేస్తే, సుప్రీంకోర్టు 2021 ఫిబ్రవరిలో దాన్ని 6 శాతానికి తగ్గించింది. ప్రభుత్వాన్ని శిక్షించడానికి వడ్డీ వేయడం లేదని కూడా అప్పుడే అంది. అందుకే 18 శాతం అడిగి కూర్చోవడం కంటే, ఆలస్యం వల్ల మీరు ఏ వడ్డీకి అప్పు తెచ్చారో చూపగలిగితే అది నయం.

*విచారణ పెండింగ్ అన్న జవాబు.* రెండు రాష్ట్రాల్లోనూ పట్టుకోవాల్సింది 1980 నాటి సవరించిన పెన్షన్ నిబంధనలు. తొమ్మిదో రూల్ పెన్షన్‌లో కోత పెట్టే అధికారాన్ని ప్రభుత్వానికి ఇస్తుంది, కింది అధికారికి కాదు. సర్వీసులో ఉండగానే మొదలైన విచారణ రిటైరయ్యాక కూడా సాగుతుంది. సర్వీసులో ఉండగా మొదలుకాకపోతే, ప్రభుత్వ అనుమతి లేకుండా మొదలుపెట్టకూడదు. నాలుగేళ్లకు ముందు జరిగిన సంఘటన మీద అసలే మొదలుపెట్టకూడదు. విచారణ మొదలైంది అంటే ఛార్జ్‌మెమో ఇచ్చిన రోజు, లేదా అంతకుముందే సస్పెండ్ చేస్తే ఆ రోజు. ప్రాథమిక విచారణ జరుగుతోంది, విజిలెన్స్ నివేదిక రావాలి అన్నవి లెక్కలోకి రావు. అందుకే సమాచార హక్కు కింద ఆ ధ్రువీకరణ తెచ్చుకోమన్నది. ఛార్జ్‌మెమో తేదీ రిటైర్మెంట్ తర్వాతదైతే, ఆరోపణ తేదీ నుంచి నాలుగేళ్లు లెక్కపెట్టండి. చాలా ఆడిట్ కేసులు ఇక్కడే పడిపోతాయి.

ఛార్జ్‌మెమో సరిగ్గా ఉందనుకోండి. అప్పుడు 52వ రూల్ వస్తుంది: తాత్కాలిక పెన్షన్ ఇవ్వాలి, గ్రాట్యుటీ మాత్రం విచారణ తేలేదాకా ఆపవచ్చు. ఇక్కడ ఒక తీర్పును అందరూ వాడేస్తుంటారు. అది 2013 నాటి జార్ఖండ్ కేసు, జితేంద్ర కుమార్ శ్రీవాస్తవ. చట్టబద్ధమైన రూల్ లేకుండా, ఉత్తుత్తి సర్క్యులర్‌తో పెన్షన్, గ్రాట్యుటీ ఆపడం రాజ్యాంగంలో ఆస్తి హక్కును చెప్పే 300ఎ అధికరణానికి విరుద్ధమని ఆ తీర్పు చెప్పింది. కానీ అక్కడ రూల్ లేదు కాబట్టి గెలిచారు. మనకు గ్రాట్యుటీ వరకు 52వ రూల్ ఉంది. ఆ తీర్పును ఎదురుగా పెట్టుకుని గ్రాట్యుటీ కోసం వాదిస్తే కోర్టు ఒక్క ప్రశ్నతో ఆపేస్తుంది. దాన్ని వేరేచోట వాడాలి: గ్రాట్యుటీ ఆపే రూల్ చూపించి జీపీఎఫ్, లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్, గ్రూప్ ఇన్సూరెన్స్ కూడా కట్టకట్టి ఆపేసినప్పుడు ‘ఒక్కో దానికి ఏ రూలో చూపించండి’ అని అడగడానికి. జీపీఎఫ్ మీ సొంత పొదుపు, దాని సంగతి మరీ స్పష్టం.

విచారణ తేలి శిక్ష వేశాక కోర్టుకు వెళ్తే పరిధి ఇంకా చిన్నది. సాక్ష్యాలను కోర్టు మళ్లీ తూకం వేయదు. విచారణ పద్ధతి తప్పిందా, అసలు సాక్ష్యమే లేకుండా తేల్చారా, శిక్ష దారుణంగా ఉందా అన్నవే చూస్తుంది. ‘నేను నిర్దోషిని’ అని ఇరవై పేజీలు రాయడం కంటే ‘విచారణ నివేదిక కాపీ నాకు ఇవ్వలేదు’ అన్న ఒక్క వాక్యానికి బలం ఎక్కువ.

*రికవరీ.* ఇందులో రిటైరైనవాళ్లకు గట్టి అండ 2014 డిసెంబర్ 18 నాటి రఫీక్ మసీహ్ తీర్పు. పొరపాటున ఎక్కువ చెల్లించినా, ఉద్యోగి మోసం ఏమీ లేనప్పుడు, రిటైరైనవాళ్ల నుంచి, ఏడాదిలోగా రిటైరయ్యేవాళ్ల నుంచి, కింది తరగతుల ఉద్యోగుల నుంచి వసూలు చేయకూడదని, ఐదేళ్లకు పైగా సాగిన అదనపు చెల్లింపును తిరిగి అడగకూడదని అది చెప్పింది. పై పోస్టు పని చేయించుకుని ఆ జీతం ఇచ్చిన సందర్భాన్ని, వసూలు మరీ అన్యాయంగా ఉండే ఇతర సందర్భాలను కూడా చేర్చింది.

ప్రభుత్వం నుంచి వచ్చే జవాబు కూడా ముందే తెలుసుకోండి: 2016 నాటి జగ్‌దేవ్ సింగ్ తీర్పు. జీతం సవరించినప్పుడు ‘ఎక్కువ వస్తే తిరిగి కడతాను’ అని రాసిచ్చిన అధికారి విషయంలో రికవరీని సుప్రీంకోర్టు ఒప్పుకుంది, వాయిదాల్లో కట్టించుకోమంది. ఆప్షన్ ఫారం ముందే చూసుకోమన్నది ఇందుకే. మీ సంతకం ఉంటే ఆ సంగతి పిటిషన్‌లో మీరే చెప్పి, ఆ హామీ ఏ సందర్భానిదో వివరించండి. దాచిపెట్టి, అవతలివాళ్ల కౌంటర్‌లో (జవాబు అఫిడవిట్‌లో) అది బయటపడితే కేసు రంగు మారిపోతుంది.

ఒక సంగతి చాలామంది గమనించరు. రఫీక్ మసీహ్ కాపాడేది జరిగిపోయిన చెల్లింపును. ఫిక్సేషన్ నిజంగా తప్పైతే, నోటీసు ఇచ్చి, మీ వివరణ తీసుకుని, ఇకపై పెన్షన్‌ను సరైన లెక్క ప్రకారం తగ్గించే అధికారం ప్రభుత్వానికి ఉంటుంది. ఫిక్సేషన్ తప్పు కాదని మీ నమ్మకమైతే దాన్ని వేరే వాదనగా, వేరే ప్రార్థనగా పెట్టాలి.

*లెక్క తేడాలు.* రిటైరైన మర్నాడే ఇంక్రిమెంట్ పడాల్సినవాళ్ల సంగతి దీనికి మంచి ఉదాహరణ. ఏడాదంతా పనిచేసినా, ఇంక్రిమెంట్ రోజున సర్వీసులో లేరని ఎగ్గొట్టేవారు. 2005లో అప్పటి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఫుల్ బెంచ్ కూడా అదే సరైనదంది. 2023 ఏప్రిల్ 11న కర్ణాటక విద్యుత్ సంస్థకు చెందిన ముండినమని కేసులో సుప్రీంకోర్టు ఆ అభిప్రాయంతో ఏకీభవించకుండా, సంపాదించిన ఇంక్రిమెంట్ ఇవ్వాల్సిందేనంది. వెంటనే దేశమంతా కేసులు వచ్చిపడ్డాయి. దాంతో 2025 ఫిబ్రవరిలో మరో ఆర్డర్‌లో, ఎప్పుడూ కోర్టుకు రానివాళ్లకు 2023 మే 1 నుంచే పెరిగిన పెన్షన్ అని గీత గీసింది. ముందే పిటిషన్ వేసినవాళ్లలో కొందరికి మూడేళ్ల వెనకటి ఎరియర్లు కూడా దక్కాయి.

*తేదీ వివక్ష.* ‘నా తర్వాత నెలలో రిటైరైనవాడికి గ్రాట్యుటీ పరిమితి పెంచారు, నాకూ పెంచాలి’ అన్న కేసులు. నకారా తీర్పు చదివి ఆశపడతారు. కానీ ఆర్థిక భారం కారణంగా ఒక తేదీ పెట్టుకోవడం తప్పు కాదని 2005లో అమర్‌నాథ్ గోయల్ కేసులో, అదీ గ్రాట్యుటీ పరిమితి విషయంలోనే, సుప్రీంకోర్టు చెప్పేసింది. వీటి మీద డబ్బు ఖర్చు పెట్టమని నేను ఎవరికీ చెప్పను.

*కుటుంబ పెన్షన్.* క్లుప్తంగా: కుటుంబ పెన్షన్ వీలునామా రాసి ఇచ్చే ఆస్తి కాదు, రూల్ ఎవరికి ఇవ్వమంటే వాళ్లదే. మొదటి భార్య ఉండగా చేసుకున్న రెండో పెళ్లి చెల్లకపోయినా, ఆ పిల్లలకు వాటా ఉంటుందని 2000లో రామేశ్వరీదేవి కేసులో తేలింది. ఎవరు భార్య, ఎవరు వారసులు అన్న వాస్తవమే తగాదా అయితే రిట్ కోర్టు తేల్చదు. ముందు సివిల్ కోర్టులో ఆ సంగతి తేల్చుకుని రావాలి.

ఏడో అడుగు: కేసు నడుస్తున్నప్పుడు

కేసు నంబరు పడ్డాక హైకోర్టు వెబ్‌సైట్‌లో కాజ్‌లిస్ట్ (ఆ రోజు విచారించే కేసుల జాబితా), కేసు స్థితి మీరే చూసుకోవచ్చు. మొదటి రోజు ప్రభుత్వ న్యాయవాది ‘సూచనలు తెప్పించుకుంటాను’ అని గడువు అడుగుతాడు. ఆ రోజే మీ లాయర్‌తో మధ్యంతర ఉత్తర్వు అడిగించండి. రికవరీ కేసులో కోత ఆపమని, విచారణ కేసులో తాత్కాలిక పెన్షన్ ఇవ్వమని, నిధుల కేసులో వివాదం లేని మొత్తం ముందు ఇవ్వమని.

కౌంటర్ రాగానే దాన్ని మీరూ చదవండి. మీ సర్వీసు గురించి మీకు తెలిసినంత లాయర్‌కు తెలియదు. అందులో అబద్ధపు తేదీ ఉంటే కాగితంతో సహా జవాబు వేయించండి. వయసు పైబడి, జబ్బు ఉంటే వైద్య పత్రాలు పెట్టి త్వరగా విచారించమని దరఖాస్తు వేయొచ్చు.

ఎనిమిదో అడుగు: ఆర్డర్ వచ్చాక

ఆర్డర్ రాగానే డబ్బు పడుతుందనుకోకండి. ఇక్కడి నుంచి ఇంకో అధ్యాయం. చాలా ఆర్డర్లలో గడువు ‘ఆర్డర్ కాపీ అందిన తేదీ నుంచి’ అని ఉంటుంది. సర్టిఫైడ్ కాపీకి వెంటనే దరఖాస్తు చేసి, అది రాగానే ప్రతి ప్రతివాదికీ కవరింగ్ లెటర్‌తో స్పీడ్ పోస్టులో పంపండి. కాపీ అందినట్టు రుజువు లేకపోతే గడువు ఎప్పుడు మొదలైందో చూపలేరు.

గడువు దాటినా చెల్లించకపోతే కోర్టు ధిక్కార కేసు. దీనికి పరిమితి ఏడాది, ఆర్డర్ ఉల్లంఘన జరిగిన తేదీ నుంచి. ‘ఇస్తామంటున్నారు’ అని ఆగి ఆ ఏడాది పోగొట్టుకోవద్దు. ఇందులో అధికారిని హోదాతో పాటు పేరుతో చేర్చాలి. ఫారం-1 నోటీసు వస్తే అధికారి స్వయంగా హాజరు కావాల్సి ఉంటుంది కాబట్టి, డబ్బు తరచూ ఈ దశలోనే కదులుతుంది. అయితే అధికారులను మాటిమాటికీ కోర్టుకు పిలిపించడం తగదని, అవసరమైతే ముందు వీడియోలో హాజరు కమ్మనాలని 2024 జనవరి 3న సుప్రీంకోర్టు మార్గదర్శకాలు ఇచ్చింది. విచిత్రం ఏమిటంటే, అది ఉత్తరప్రదేశ్‌లో రిటైరైన జడ్జిల సౌకర్యాల మీద వచ్చిన గొడవే.

ప్రభుత్వం అప్పీలు వేయొచ్చు. అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగిపోదు, స్టే తెచ్చుకుంటేనే ఆగుతుంది. ‘అప్పీల్‌కు ఫైలు పెట్టాం’ అన్న జవాబు ధిక్కార కేసులో చెల్లదు. మీ వైపు ఆర్డర్ ప్రతికూలంగా వస్తే రిట్ అప్పీల్‌ను 30 రోజుల్లో డివిజన్ బెంచ్ ముందు వేయాలి.

కేసు నడుస్తుండగా పిటిషనర్ కన్నుమూస్తే కేసు పోయినట్టు కాదు. చనిపోయిన నాటి దాకా రావాల్సిన పెన్షన్ ఎరియర్లు, గ్రాట్యుటీ, వడ్డీ వారసులకు చెందుతాయి. వాళ్లు మరణ ధ్రువపత్రం, కుటుంబ సభ్యుల ధ్రువపత్రంతో తమను కేసులో చేర్చుకోమని వీలైనంత త్వరగా దరఖాస్తు వేయాలి. అందుకే కేసు నంబరు, లాయర్ ఫోన్ నంబరు, అసలు కాగితాలు ఎక్కడున్నాయో ఇంట్లో ఇంకొకరికి కూడా తెలిసి ఉండాలి. కుటుంబ పెన్షన్‌కు విడిగా దరఖాస్తు చేయడం మరిచిపోకూడదు, ఈ కేసు తేలేదాకా అది ఆగాల్సిన పనిలేదు.